ఒక్క ప్రాణం మిగిల్చే లెక్క

మొదట వినబడేది సుద్దముక్క. గర్ర్... గర్ర్... టక్. కాస్త నిశ్శబ్దం. మళ్ళీ గర్ర్... టక్. ఎండిన కొబ్బరాకు గోడకు రాసుకుంటోందేమో అనుకుంటారు కొత్తవాళ్ళు. అంతలో ఒక పెద్ద గొంతు లేస్తుంది.

"ప్రభువా! సగమేనా?"

అప్పటికి గాని సాలమోను మాస్టారు కనిపించరు. అమలాపురం దగ్గర నగరం అనే ఊళ్ళో కాలువ పక్క ఇల్లు. ముందు వరండాలో ఎర్ర గచ్చు, చెరువంత నున్నగా ఉంటుంది. దాని మీద ఆయన బోర్లా పడుకుని ఉంటారు. ఒక చేతిలో ఫోను, ఇంకో చేతిలో సుద్దముక్క. చుట్టూ అంకెలు, గీతలు, గుణకారాలు, కొట్టివేతలు. వాటి మీద కొబ్బరాకుల నీడలు అటూ ఇటూ ఊగుతూ ఉంటే, అంకెలే ఊపిరి తీస్తున్నట్టు ఉంటుంది.

చేపల తట్ట నెత్తిన పెట్టుకుని వెళ్ళే అప్పలమ్మ మొదటిసారి అది చూసి గేటు దగ్గరే ఆగిపోయింది.

"ఏటండీ మాస్టారూ, తమరిళ్ళలో కూడా ముగ్గులెట్టేత్తన్నారా?"

"ముగ్గు కాదు అప్పలమ్మా, దెబ్బ."

"దెబ్బా! ఎవరికండి?"

"పీతకి. యాభై రెండు."

అప్పలమ్మ గాభరాగా తట్ట దించి చూసుకుంది. "నా పీతలకేం తగల్లేదండి బాబూ. అన్నీ కాళ్ళాడిత్తన్నాయి" అని, ఆ పూట ఆ ఇంటి వైపు మళ్ళీ చూడకుండా వెళ్ళిపోయింది.

మాస్టారు హైస్కూల్లో లెక్కలు చెబుతారు. చికున్‌గున్యా వచ్చి కీళ్ళు పట్టేసి మంచానికి అతుక్కుపోయిన వేసవిలో, కూతురు నిఖిత ఆయన ఫోనులో ఒక ఆట వేసి ఇచ్చింది. అందులో భూతాలుంటాయి. ఒకటి నిప్పు కక్కుతుంది, ఒకటి నీళ్ళు చిమ్ముతుంది, ఒకటి మెరుపులు పుట్టిస్తుంది. మీ భూతం ఒక దెబ్బ కొట్టాక, అవతలివాళ్ళ భూతం ఒక దెబ్బ కొడుతుంది. ముందుగా ప్రాణం అయిపోయినది కళ్ళు తేలేస్తుంది. అంతే ఆట.

పిల్లలు ఆ రంగులు చూసి ఆడతారు, ఆ అరుపులు విని ఆడతారు. వారం తిరగకుండా మాస్టారికి వేరే ఏదో కనిపించింది. ఆ రంగుల అడుగున, ఆ అరుపుల అడుగున, ఏటి అడుగున ఇసకలా ఒక భిన్నం మెరుస్తోంది. పైన మన బలం. కింద అవతలివాడి కాపు, అంటే దెబ్బ కాచుకునే సత్తువ. ఆయన గుండె ఝల్లుమంది. ముప్పై ఏళ్ళుగా పిల్లలకు నేర్పుతూ వచ్చిన భిన్నం, ఎవరికీ అక్కర్లేని ఆ భిన్నం, ఇక్కడ కోరలు తొడుక్కుని తిరుగుతోంది!

ఆ ఆనందం పట్టలేక, పనసకాయ ముందు కత్తిపీట వేసుక్కూర్చున్న భార్య లీలావతి దగ్గరికి కుంటుకుంటూ వెళ్ళారు.

"ఇదిగో, ఈ కాయ కొడుతున్నావా? నీ చెయ్యి బలం పైన వెయ్యాలి. కాయ తొక్క మందం కింద వెయ్యాలి. దాన్ని దెబ్బ పదునుతో గుణించాలి. నీ అనుభవంతో గుణించాలి. యాభైతో భాగించాలి. రెండు కలపాలి."

"ఆ రెండెందుకండీ?"

"ఎంత చేతకానివాడు కొట్టినా రెండు తగలాలని. అది దయ."

"మరి అయిపోయిందా?"

"ఎక్కడయ్యింది! ఇప్పుడు జాతి చూడాలి. నిప్పు మీద నీళ్ళు పడితే దెబ్బ రెట్టింపు. నీళ్ళ మీద నిప్పు పడితే సగం."

"ఆ మాటకి ఫోనెందుకు? పొయ్యి దగ్గరికొచ్చి నన్నడిగితే చెబుదును గదా."

"అదంతా అయ్యాక, ఆట తన ఇష్టం కొద్దీ పదిహేను శాతం దాకా తగ్గిస్తుంది."

"ఎందుకు తగ్గిస్తదీ?"

"అదృష్టం."

లీలావతి కత్తి ఆపి ఆయన్ని పైనుంచి కిందికి చూసింది. "ఇంతా చేసి చివరికి అదృష్టమేనా? దానికోసమా నా గచ్చంతా సుద్ద చేసేరు?"

ఆ చూపు తన మీద ఎప్పుడూ రెట్టింపే తగులుతుందని మాస్టారు అప్పుడే గుర్తించారు. ఆ తర్వాత లోకమంతా ఆయనకు అలాగే కనిపించసాగింది. ఆర్టీసీ బస్సు హారను గేదె మీద పనిచేయదు: సున్నా. పాస్టరు గారి ప్రసంగం ముందు వరుసలో వాళ్ళకి సగం, వెనక వరుసలో నిద్రపోయేవాళ్ళకి పావు. తన భూతాలకు తానే పేర్లు పెట్టుకున్నారు. చూడ్డానికి ఘనంగా ఉండి, తాకితే పొడైపోయేది పూతరేకు. పనసాకు బుట్టలో ఉడికిన ఇడ్లీలా గుండ్రంగా, మెత్తగా, ఎన్ని తగిలినా కిక్కురుమనకుండా కూర్చునేది పొట్టిక్క. నీళ్ళ జాతిది, గట్టి డొప్పతో పక్కవాటుగా నడిచేది, ఆయన ప్రాణంలో ప్రాణం, పీతమ్మ.

ఇలా ఆనందంగా నడిచిపోతున్న రోజుల్లో నిఖిత పెళ్ళి మాట వచ్చింది.

నిఖిత అమలాపురంలో బ్యాంకులో పనిచేస్తుంది. ఉప్పలగుప్తం నుంచి, రొయ్యల చెరువుల నీళ్ళు పరీక్ష చేసే ల్యాబులో ఉద్యోగం చేసే దీపక్ ఆ బ్యాంకుకి వస్తూ ఉండేవాడు. అవసరం ఉన్నప్పుడు వచ్చేవాడు, తర్వాత అవసరం లేనప్పుడు కూడా వచ్చేవాడు. ఇద్దరికీ నచ్చింది. లీలావతికి నచ్చింది. దీపక్ తల్లి స్టెల్లా గారికి నచ్చింది. తేలాల్సింది దీపక్ తండ్రి ఫిలిప్ గారు ఒక్కరే. ఆయన ఎలిమెంటరీ స్కూలు హెడ్మాస్టరుగా చేసి దిగిపోయిన మనిషి. "పిల్ల సంగతి సరే, పిల్ల తండ్రితో ఓ పూట ఆడి చూస్తాను. మనిషి ఆటలో తెలుస్తాడు. ఆ తర్వాత నా మాట చెబుతాను" అన్నారట.

"ఏం ఆట?" అన్నారు మాస్టారు.

నిఖిత నవ్వాలో ఏడవాలో తెలియని మొహంతో చెప్పింది. "ఇదే నాన్నా. మీ భూతాలే. ఆయన కూడా ఆడతారంట."

మాస్టారి మొహం ముంజెలా మెరిసింది. నిఖిత గబగబా అందుకుంది.

"సంతోషపడకండి. ఆయన ఓడిపోతే రెండ్రోజులు అన్నం తినరంట. ఆ కోపంలో ఏ మాటంటారో ఆయనకే తెలీదంట."

"అయితే ఓడిపోతాను. అదెంత సేపు?"

"కావాలని ఓడిపోయేరని తెలిసిందంటే ఇంకా కష్టం. క్యారమ్సులో ఎవరో బంధువు కావాలని వదిలేసేడని తెలిసి, ఆయన్ని మళ్ళీ గుమ్మం ఎక్కనివ్వలేదంట. నాన్నా, మీరు ఓడిపోవాలి. కానీ గెలవబోయి ఓడిపోవాలి. నా పెళ్ళి మీ పీతమ్మ చేతిలో ఉంది."

ఆ రోజు నుంచి గచ్చు మీద సుద్ద చప్పుడు మారిపోయింది. గెలవడానికి లెక్క తేలిక. ఇంతకు తగ్గకుండా కొడితే చాలు. ఓడిపోవడానికి, అదీ మర్యాదగా, అదీ ఎదుటివాడికి అనుమానం రాకుండా ఓడిపోవడానికి, ఇంతకు తగ్గకూడదు, ఇంతకు మించకూడదు. నదికి రెండు గట్లూ కట్టాలి. ఫిలిప్ గారి భూతం పేరు ఆవకాయ అనీ, నిప్పు జాతి సింహమనీ, దాని దగ్గర మెరుపు దెబ్బ కూడా ఉందనీ దీపక్ రహస్యంగా నిఖితకు చేరవేశాడు. మెరుపు పీతమ్మ మీద రెట్టింపు తగులుతుంది. మాస్టారి పథకం ఇది: పీతమ్మ శూరురాలిలా కొట్టుకుంటూ పోవాలి. ఆవకాయకు కొన ఊపిరి మిగలాలి. అప్పుడు ఆవకాయ మెరుపు విసరాలి, పీతమ్మ పడిపోవాలి. ఫిలిప్ గారు చావు తప్పి గెలిచిన ఆనందంతో పెళ్ళికి ఒప్పుకోవాలి.

శనివారం పొద్దున్నే వాళ్ళు వచ్చారు. ఫిలిప్ గారు పొడుగ్గా, తెల్లటి చొక్కాలో, ఇస్త్రీ చేసిన కొబ్బరిచెట్టులా ఉన్నారు. చేతిలో ఐసు పెట్టెడు రొయ్యలు.

"ఎందుకండీ మీకీ శ్రమ" అంది లీలావతి.

"శ్రమేముందండీ, మా ఊళ్ళో నీళ్ళకన్నా అవే ఎక్కువండీ" అన్నారాయన.

భోజనాలయ్యాయి. పనసపొట్టు కూర రెండోసారి వడ్డించబోతే "వద్దండీ" అన్నారు, మూడోసారి వడ్డించబోతే "వద్దండీ" అన్నారు, రెండుసార్లూ తిన్నారు. మాస్టారికి ముద్ద దిగలేదు. బల్ల కింద వేళ్ళ మీద గుణించుకుంటూనే ఉన్నారు.

తర్వాత వరండాలో రెండు కుర్చీలు ఎదురెదురుగా వేశారు. లీలావతి ఆ పొద్దున గచ్చు మూడుసార్లు కడిగింది. ఆడవాళ్ళు గుమ్మంలో, దీపక్ గోడకు ఆనుకుని. వాడి నుదుటి మీద చెమట.

"మాస్టారూ, ముందు మీరు నొక్కండి."

"అబ్బే, తమరు పెద్దవారు. తమరే కానివ్వండి."

"అతిథిని నేను. ఇల్లు గలవారు మీరు."

"ఇల్లు తమదేననుకోండి."

స్టెల్లా గారు గుమ్మంలోంచి, "ఎవరో ఒకరు నొక్కండి బాబూ, సాయంత్రం బస్సుకెళ్ళాలి" అంది. ఇద్దరూ ఒకేసారి నొక్కారు.

ఆవకాయకు నూట యాభై ప్రాణం. పీతమ్మ బుడగల దెబ్బ కొట్టింది. నీళ్ళు నిప్పు మీద పడ్డాయి. నలభై తొమ్మిది పోయింది. మాస్టారు అనుకున్న గట్ల మధ్యనే. ఇక మెరుపు వస్తుందని ఆయన కళ్ళు మూసుకున్నారు. చిన్న చప్పుడు వచ్చింది. కళ్ళు తెరిచారు. పీతమ్మ దాదాపు నిండుప్రాణంతో కాళ్ళాడిస్తోంది. ఆవకాయ విసిరింది నిప్పు! నీళ్ళ పీత మీద నిప్పు. సగం దెబ్బ, చీమ కుట్టినంత.

'ఏదో ఎత్తు వేస్తున్నాడు' అనుకున్నారు మాస్టారు. మళ్ళీ బుడగలు. నలభై ఎనిమిది. ఆవకాయకు మిగిలింది యాభై మూడు. మళ్ళీ నిప్పు. మళ్ళీ చీమ.

"అబ్బ, బాగా కాలింది" అన్నారు మాస్టారు మర్యాదకి.

"ఆయ్. మీ బుడగలూ బాగా ఉన్నాయండి" అన్నారు ఫిలిప్ గారు.

ఇక్కడ మాస్టారి లెక్క గట్టు తెగింది. పీతమ్మకు ఇంకా బోలెడు ప్రాణం ఉంది. ఇలా అయితే ఓడిపోవడానికి దసరా దాకా పడుతుంది. సరేనని పీతమ్మను బురదలో దూరమన్నారు. ఆవకాయ ఆవలించింది. ఆటలో అదొక ఎత్తు, దానివల్ల ఎవరికీ ఏమీ కాదు. పీతమ్మ మళ్ళీ బురదలో దూరింది. ఆవకాయ మళ్ళీ ఆవలించింది. చుట్టూ కాలువ గాలి, కొబ్బరాకుల సవ్వడి, ఒక పీత బురదలోకీ పైకీ, ఒక నిప్పుల సింహం నిద్రమత్తులో. యుద్ధమంత ప్రశాంతమైనది లోకంలో ఇంకోటి లేదనిపించింది. టీలు వచ్చాయి, చల్లారాయి. దీపక్ దగ్గాడు. నిఖిత తండ్రి వైపు కళ్ళతోనే, 'ఓడిపోండి నాన్నా' అంది. ఆయన కళ్ళతోనే, 'ఎలా ఓడిపోనమ్మా, కొడితే గదా' అన్నారు.

చివరికి ఆయనకొక ఆలోచన తట్టింది. ప్రాణం మీదికొస్తే ఎవడైనా కరుస్తాడు. ఆవకాయను చావు అంచుకు తోస్తే ఫిలిప్ గారు భయపడి మెరుపు తీస్తారు. బుడగల దెబ్బ ఎక్కువలో ఎక్కువ యాభై రెండు. ఆవకాయకు ఉన్నది యాభై మూడు. ఎంత గట్టిగా తగిలినా ఒక్క ప్రాణం మిగులుతుంది. ఆ ఒక్క ప్రాణం మీద కూతురి కాపురమంతా నిలబెట్టి, మాస్టారు మనసులో ప్రార్థన చేసుకుని నొక్కారు.

ఫోను తెర తెల్లగా మెరిసింది. ఫోను చేతిలో గిలగిలలాడింది. వందలో నాలుగుసార్లు, ఎవరూ అడక్కుండానే, దెబ్బకు సగం దెబ్బ అదనంగా కలిసి తగులుతుంది. అది ఇప్పుడు తగిలింది. డెబ్భై ఒకటి!

ఆవకాయ కళ్ళు తేలేసింది.

తెర మీద పీతమ్మ మాత్రం రెండు డెక్కలూ పైకెత్తి గంతులేస్తూ విజయగీతం వాయిస్తోంది. మాస్టారు దాని నోరు నొక్కడానికి ఫోను తొడకిందికి దోపుకున్నారు. తొడకింద నుంచి ఇంకా సన్నగా వాయిస్తూనే ఉంది.

ఫిలిప్ గారు మెల్లగా అడిగారు. "మాస్టారూ. ఎంత తగులుతుందనుకుని కొట్టేరు?"

అబద్ధం చెప్పాలని మాస్టారు నోరు తెరిచారు. కానీ అంకె విషయంలో అబద్ధం ఆయన గొంతు దాటి ఎన్నడూ రాలేదు.

"నలభై నాలుగు నుంచి యాభై రెండండీ."

"నాకుందెంత?"

"యాభై మూడండీ."

"అంటే నన్ను ఒక్క ప్రాణంతో వదిలేద్దామనుకున్నారు." ఫిలిప్ గారు లేచి నిలబడ్డారు. "నాకు వదిలేస్తున్నారన్నమాట. దీపక్, చెప్పులు ఎక్కడున్నాయిరా?"

నిఖిత గుమ్మం పట్టుకుంది. లీలావతి ప్లేటు పట్టుకుంది. మాస్టారికి కాళ్ళ కింద గచ్చు కాలువలా కదిలింది. అయినా, లెక్కల మాస్టారు గదా, ఎంత మునిగిపోతున్నా తప్పు లెక్క కనిపిస్తే ఊరుకోలేరు.

"ఒక్క మాటండీ. మీ దగ్గర మెరుపుంది గదా. పీత మీద నిప్పెందుకేసేరండీ?"

చెప్పుల కోసం వెళుతున్న ఫిలిప్ గారి కాలు గాల్లో ఆగింది.

"అదీ... వేలు జారిందండీ."

"రెండుసార్లు జారిందండీ. తర్వాత తొమ్మిదిసార్లు ఆవలించిందండీ."

"మా ఆవకాయకు నిద్ర తక్కువండీ."

గుమ్మంలోంచి స్టెల్లా గారు ఇక ఉండబట్టలేకపోయింది. "ఎందుకండీ ఆ మాటలు? నిన్నంతా అద్దం ముందు నిలబడి ఓడిపోయిన మొహం ఎలా పెట్టాలో ప్రాక్టీసు చేసింది ఎవరండీ? 'పిల్లనడగడానికెళ్ళి, వాళ్ళింట అన్నం తిని, పిల్ల తండ్రిని ఓడిస్తే మర్యాద కాదే స్టెల్లా' అన్నది ఎవరండీ?"

ఫిలిప్ గారి ఇస్త్రీ నలిగిపోయింది. వెనక్కొచ్చి, కుర్చీలో కాకుండా, గచ్చు మీద చతికిలబడ్డారు.

"అసలు మీ బుడగలు యాభై రెండు ఎలాగండీ? నా లెక్కలో యాభైకి మించదు."

మాస్టారు జేబులోంచి సుద్దముక్క తీశారు. లీలావతి కళ్ళు మూసుకుంది. గర్ర్... గర్ర్... టక్.

"ఇదిగోనండీ. ఇది ఇరవై నాలుగయ్యింది గదా. రెండు కలిపితే ఇరవై ఆరు. రెట్టింపు చేస్తే యాభై రెండు."

"కాదండీ కాదు. ఇరవై నాలుగు రెట్టింపు నలభై ఎనిమిది. ఆ తర్వాత రెండు. యాభై. ఇటివ్వండి సుద్ద." ఫిలిప్ గారు కూడా బోర్లా పడుకున్నారు. తెల్లచొక్కా ఎర్రబడింది. రెండు బట్టతలలు ఒక భిన్నం మీద వంగాయి. "రెట్టింపు చేసేది దెబ్బని. దయని రెట్టింపు చేస్తారా ఎక్కడైనా? మీరే చెప్పండి బావగారూ, ఆ రెండు ముందు కలుపుతారా, వెనక కలుపుతారా?"

మాస్టారు ఆ మాట పట్టించుకోలేదు. ఆయన గొడవంతా ఆ రెండు గురించే. కానీ గుమ్మంలో ఉన్న లీలావతి విన్నది. స్టెల్లా గారు విన్నది. లీలావతి మెల్లగా, ఎక్కడ ఆ మాట ఎగిరిపోతుందో అన్నంత మెల్లగా, "ఏవండీ, వారు మిమ్మల్ని బావగారూ అన్నారు" అంది.

"అననీ. ముందే కలపాలి" అన్నారు మాస్టారు తలెత్తకుండా.

నిఖిత లోపలికి పరిగెత్తింది. దీపక్ ఎవరూ చూడ్డం లేదనుకుని గోడకు ముద్దు పెట్టుకున్నాడు. గచ్చు మీంచి ఫిలిప్ గారి గొంతు వచ్చింది. "పెళ్ళి మే నెలలో పెట్టుకుందామాండీ?"

"ఆయ్. అలాగే కానివ్వండి. ఆ చెయ్యి తీయండి, గుణకారం మీద పెట్టేరు."

మేలో పెళ్ళయింది. చర్చిలో ఇద్దరు తండ్రులూ ముందు బెంచీలో పక్కపక్కనే కూర్చుని, పాస్టరు గారు వాక్యం చెబుతున్నంతసేపూ ఏదో గుసగుసలాడారు. అది ప్రార్థన అని చాలామంది అనుకున్నారు. స్టెల్లా గారు మాత్రం వెనక నుంచి ఇద్దరి వీపు మీదా చెరొకటి వేసింది. ఆ దెబ్బకు జాతి, కాపు, అదృష్టం ఏవీ అడ్డు రాలేదని మాస్టారే ఒప్పుకున్నారు.

ఈ సంగతులన్నీ రాసుకుని, లేచి సెలవు తీసుకుంటూ నేను, ఇంతకీ నిజంగా ఆడితే మీ ఇద్దరిలో ఎవరు గెలుస్తారని అడిగితే, సాలమోను మాస్టారు గేటు దాకా వచ్చి, అటూ ఇటూ చూసి, గొంతు తగ్గించి అన్నారు:

"ఏం చెప్పమంటారండీ, ఇప్పటిదాకా ఒక్కసారి కూడా నిజంగా ఆడలేదండి. పెళ్ళయ్యేక ఆడదామనుకున్నాం. ఇప్పుడేమో అమ్మాయి వాళ్ళింట్లో ఉంది, నేనెలా గెలుస్తానండీ? వాళ్ళబ్బాయేమో వారం వారం మా ఇంట్లో భోంచేస్తాడు, ఆయనెలా గెలుస్తాడండీ? ఓ మనవడో మనవరాలో పుట్టేక, ఇంకెవరికీ ఎవరూ మర్యాద చెయ్యక్కర్లేదు, అప్పుడాడదామన్నాడండి. ఆయ్, అలాగే అన్నాను. అప్పుడుంటదండీ ఆయనకి!"